మేనమామ కూర్చోవలసిన చోటు

కోవిల్‌పట్టి,
11-6-2025, బుధవారం

చెల్లెలు పొన్నమ్మాళ్‌కి అన్న కృష్ణసామి వ్రాసేది.

ఈ ఉత్తరం వ్రాయకుండా ఊరుకుందామనే అనుకున్నాను. నిన్న రెండు వరుసలు వ్రాసి, కాగితం నాలుగు మడతలు పెట్టి, ఊగుతున్న బల్ల కాలి కింద దూర్చాను. పొద్దున మీ వదిన మారియమ్మాళ్ ఊడుస్తూ దాన్ని తీసి నా చేతికిచ్చింది. బల్ల మళ్ళీ ఊగుతోంది, నేను వ్రాస్తున్నాను.

ఫోన్ చేద్దామంటే నీ కొడుకు శరవణకుమార్ నా నంబరు మీ ఇంటికి రాకుండా చేశాడు. ఒక విధంగా మంచిదే. ఫోనులో ఒక మాటంటే ఇక్కడ నలుగురు, అక్కడ నలుగురు వింటారు. ఈ అక్షరాలైతే మన రెండిళ్ళలో మనిద్దరికి తప్ప ఎవరికీ రావు. ఇంట్లో తెలుగు మాట్లాడేవాళ్ళందరూ వ్రాసేది అరవమే. నేను ఇరవై ఏళ్ళ వయసులో పత్తి లారీ ఎక్కి గుంటూరు పోయి, మిరప యార్డులో మూడు నెలలు బస్తాలు లెక్కపెడుతూ, వాటి మీది ముద్రలు చూసి నేర్చుకున్నాను. నాకు మొట్టమొదట చదవడం వచ్చిన మాట ‘తాలు’. అమ్మ, ఆవు అన్నవి చాలా రోజుల తర్వాత వచ్చాయి. ఊరికి వచ్చి నీకు నేర్పితే నాలుగు వారాల్లో నాకంటే గుండ్రంగా వ్రాశావు. ఆ కడుపుమంట ఇప్పటికీ ఉంది.

విషయానికి వస్తాను. పదకొండేళ్ళ కిందట ఏ మండపంలో నా కొడుకు ఉదయకుమార్‌కి నీ కూతురు వసంతినిచ్చి చేశామో, మొన్న ఆదివారం అదే మండపంలో కూర్చొని విడదీశాము. ఉదయకుమార్ పెళ్ళినాటి సాంబారు మరక వంటశాల గోడ మీద ఇంకా పోలేదని పంచాయితీ పెద్ద వెళ్ళైసామి అన్నాడు.

రెండు జమక్కాళాలు పరిచారు. ఆడపిల్లవాళ్ళ జమక్కాళంలో ముందు చోటు మేనమామది. పిల్ల తరఫున నోరు విప్పవలసినవాడు అతడే. వసంతికి మేనమామను నేనే, మొగుడి తండ్రినీ నేనే. “ఏమప్పా కృష్ణసామీ, నిన్ను రెండుగా కోసి రెండు పక్కలా పెట్టాల్నా?” అన్నాడు వెళ్ళైసామి. అందరూ నవ్వారు. నేనూ నవ్వి కొడుకు పక్కన కూర్చున్నాను. మోకాళ్ళ నొప్పి. అటైతే ఆనుకోవడానికి గోడ ఉంది. నీ ముందున్న చోటులో ఇంకెవరినైనా కూర్చోబెట్టుకుంటారనుకున్నాను. ఎవరూ కూర్చోలేదు.

మన మనవరాలు జోతిని నడుమ నిలబెట్టి ఎవరి దగ్గర ఉంటావని అడగడం నాకూ నచ్చలేదు. తొమ్మిదేళ్ళ పిల్ల. కానీ అది ఎటూ చూడకుండా నేరుగా వచ్చి నా పక్కన కూర్చుంది. పిల్లే చెప్పేసింది, ఇంక మనం చెప్పేదేముంది అని పెద్దలు లేచారు. దానంతట అదే వచ్చింది, చెల్లీ. ఇందులో నీదీ నాదీ తప్పు లేదు.

నిన్న జోతి ఒక మాట అంది. “తాతా, అమ్మ విళక్కు ఈడే ఉండిపోయింది. అమ్మ సాయంత్రం ఏం పెట్టుకుంటాది?” వసంతి పెళ్ళికి మీ ఇంటినుంచి తెచ్చుకున్న ఇత్తడి దీపపు సెమ్మె. మీ వదిన చింతపండు పెట్టి తళతళలాడేలా తోమింది. ఇక్కణ్ణుంచి శివకాశికీ మీ ఊరికీ తిరిగే మారిసెల్వం వ్యానులో పంపుతున్నాను. ఐదు ముఖాలూ వంగకుండా దించుకో.

అక్షరాలు వంకరగా ఉంటే అది బల్ల తప్పు.

నీ అన్న,
కృష్ణసామి


విరుదునగర్,
19-6-2025

అన్నకి పొన్నమ్మాళ్ వ్రాసేది.

విళక్కు వచ్చింది. ఐదు ముఖాలూ వంగలేదు.

పగలు పదకొండు గంటలకు, వీధి వీధంతా వాకిట్లో ఉండగా, పైన గుడ్డ కూడా కప్పని వ్యానులోంచి దించినాడు మారిసెల్వం. ఎదురుగా పరోటా అంగడిలో పిండి పిసికేవాడు కూడా పని ఆపి చూసినాడు. ఆడపిల్ల చేత పట్టుకొని పోయిన విళక్కు తిరిగి పుట్టింటికి ఎప్పుడు వస్తాదో నీకు తెలియదా? గుంటూరు దాకా పోయి చదువుకున్నవాడివి. మన పెద్దమ్మ కూతురు చచ్చిపోయినప్పుడు వచ్చింది, గుర్తుందా? వసంతి దాన్ని చూసి “నేను చచ్చిపోతినని పంపినాడా మామ?” అని అడిగింది. నేనేం చెప్పేది?

కొత్తదానికి చోటు ఖాళీ చేస్తున్నారని శరవణకుమార్ అంటున్నాడు. ఉదయకుమార్‌కి అప్పుడే పిల్లను చూస్తున్నారా? చూడండి. మేము అడ్డం రాము. వదిన చింతపండు పెట్టి తోమిందని వ్రాసినావే, తోమడానికి ఆమెకు చేతులెట్లా వచ్చినాయో అనుకున్నాను.

నాకు తెలియవలసింది ఒక్కటే. కన్న తల్లిని ఆ పిల్ల ఒక్కసారైనా తలెత్తి చూడకుండా ఎందుకు పోయింది? తల్లి చెయ్యి చేసుకొని ఉంటుందని ఇక్కడ నలుగురూ అనుకుంటున్నారు. పాపిని, నేనూ అడిగితిని. “పిల్లను కొడతా ఉండినావా?” అని నా కూతుర్ని నేనే అడిగితిని. ఆ రోజునుంచి వసంతి నాతో మాట్లాడటం లేదు. తన కంచం తానే కడిగి బోర్లించి పోతుంది. మీ ఇంటికి ఫోన్ చేస్తే జోతి రాదు. నేను బాగున్నానని అమ్మకు చెప్పు అని వదినతో చెప్పిస్తుంది.

వ్రాయాలనిపిస్తే వ్రాయి. సామాన్లు పంపవద్దు.

పొన్నమ్మాళ్


కోవిల్‌పట్టి,
27-6-2025

చెల్లెలికి అన్న వ్రాసేది.

దీపం సంగతిలో నాదే బుద్ధితక్కువ. తోముతూ ఉన్నప్పుడే మీ వదిన దీన్నిట్లా పంపవచ్చునా అని నన్ను అడిగిందట. నేను ఏదో కథ చెబుతూ వినిపించుకోలేదట. నా ఎదురుగా నిలబడి ఈ మాట చెప్పింది, కాబట్టి నిజమే అయి ఉంటుంది. ఆమెను ఏమీ అనుకోకు. ఇక్కడ ఎవరూ ఏ పిల్లనూ చూడటం లేదు. ఉదయకుమార్ అద్దంలో తన మొహమే సరిగ్గా చూసుకోవడం లేదు, గడ్డం చూస్తే తెలుస్తుంది.

వాళ్ళిద్దరిలో తప్పెవరిదని నన్ను ఊళ్ళో అడుగుతారు. తాగుడు లేదు, కొట్టడం లేదు. రెండేళ్ళుగా మాటలు లేవు, అంతే. మీ నాయన్ను అన్నానికి రమ్మను అని ఆమె, ఆకలి లేదని మీ అమ్మకు చెప్పు అని వాడు. ఇద్దరూ ఒకే వసారాలో ఉండేవాళ్ళు, నడుమ జోతి. అది ఇటునుంచి అటు, అటునుంచి ఇటు తిరుగుతూ ఒక్క అక్షరం తప్పకుండా మాట చేరవేసేది. ఎంత తెలివైన పిల్ల అని నేను మెచ్చుకొనేవాణ్ణి. మెచ్చుకోవడం తప్ప ఇంకేమీ చేయలేదు.

వసంతి ఉయ్యాలలో ఉన్నప్పుడే ఇది నా ఇంటి కోడలని నోరు జారింది నేనే గదా. తర్వాత సెలవులకు వచ్చినప్పుడల్లా వాళ్ళిద్దరూ ఒకే కంచంలో తిన్నారు, ఒకే దుప్పటి కోసం కొట్టుకున్నారు. ఒకసారి ఉదయకుమార్ దాని జడ కత్తిరించి బావిలో పడేస్తే నువ్వు వాడి వీపు చిట్లగొట్టావు. అట్లా పెరిగినవాళ్ళకు ముడిపెట్టి, మొగుడూ పెళ్ళాంలాగా ఎందుకు లేరని మండపంలో కూర్చొని ఆశ్చర్యపోయాము.

జోతి గురించి నీకు దిగులొద్దు. బట్టలు తానే మడుచుకుంటుంది. రెండో దోసె అడగదు. ఏడవదు. నా కథలు చివరిదాకా వినేది ఈ ఇంట్లో అదొక్కతే, నీకు తెలుసు. మొన్న ఏళాయిరంపన్నై పటాసు కార్ఖానా కాపలావాడి కథ చెప్పాను. అదే, బీడీ మానినవాడు వానలో కూడా అగ్గిపెట్టె చూసి పరుగెత్తే కథ. నవ్వవలసిన చోట సరిగ్గా నవ్వింది. అయిపోయిన తర్వాత, “తాతా, నేను ఎవరికైనా బరువా?” అని అడిగింది. ఎవరన్నారంటే లేచి కంచాలు సర్దడానికి పోయింది. అమ్మ ఇప్పుడు సంతోషంగా ఉందా అని ఇంకోనాడు అడిగింది. ఉంది అన్నాను.

బల్ల కాలు సరిచేయించాను. అయినా అక్షరాలు సరిగ్గా రావడం లేదు. ఇక్కడితో ఆపుతాను.

నీ అన్న,
కృష్ణసామి


విరుదునగర్,
5-7-2025

అన్నకి పొన్నమ్మాళ్.

పోయిన జాబులో తొందరపడి వ్రాసినాను. వదినను అనరాని మాట అన్నాను. మన్నించమని చెప్పు. నీ జాబు నాలుగుసార్లు చదువుకున్నాను. జడ కత్తిరించిన సంగతి చదివి నవ్వితిని కూడా. నవ్వినందుకు సిగ్గయింది.

వసంతి మాట్లాడింది. మాట్లాడకుండా ఉంటేనే బాగుండు అనిపించింది. వకీలు దగ్గరికి పోయి వచ్చింది. ఆగస్టు నాలుగున ఇద్దరూ కలిసి కోర్టులో విడాకుల కాగితం ఇవ్వాలి గదా, అందులో పిల్ల తండ్రి దగ్గరే ఉంటుందని వ్రాయించింది. చూడటానికి వస్తానని కూడా అడగనని వ్రాయించింది. వకీలే వద్దమ్మా అన్నాడంట. “అది నన్ను వద్దనింది. వారానికొకసారి పోయి ఎదురుగా నిలబడితే దానికే కష్టం. మరిచిపోనీ,” అంటుంది. తిరుప్పూరులో బనియన్ కంపెనీలో పని చూసుకుంది. ఇరవయ్యో తేదీ పోతుందంట. పెట్టె సర్దింది. జోతి చిన్ననాటి గౌను ఒకటి పెట్టి, తీసి, మళ్ళీ పెట్టింది.

నా మాట వినదు. పిల్లను కొట్టినావా అని అడిగిన నోరు గదా నాది.

అన్నా, నువ్వు దానికి మేనమామవి. మండపంలో ఆ పక్క కూర్చున్నందుకు నాకు కోపం వచ్చింది, నిజమే. మోకాళ్ళ నొప్పి అని వ్రాసినావు, నమ్మినాను. నువ్వు ఒక మాటను సాగదీస్తావు, దానికి తోక కడతావు. లేనిది పుట్టించవు. అందుకే అడుగుతున్నాను. పిల్ల మనసులో ఏముందో నువ్వు చూసి వ్రాయి. నువ్వు చెప్పితే వసంతి వింటాది. తల్లీ బిడ్డ తెగిపోకుండా చూడటానికి నువ్వు తప్ప ఇంకెవరూ లేరు.

నీ చెల్లెలు,
పొన్నమ్మాళ్


కోవిల్‌పట్టి,
9-7-2025

పొన్నమ్మా,

నీ జాబు వచ్చి రెండు రోజులైంది. రెండు రోజులూ దాన్ని చొక్కా జేబులో పెట్టుకొని తిరిగాను. గుంటూరులో ఒకసారి నాకు ఇట్లాగే ఒక జాబు వచ్చినప్పుడు, అని మొదలుపెట్టి కొట్టివేశాను. కొట్టివేసింది నీకు కనిపిస్తూనే ఉంటుంది.

మోకాళ్ళ నొప్పి అబద్ధం. మిగతాది ఇంకా పెద్దది.

ఆ ఆదివారం పొద్దున మండపానికి పోయే ముందు జోతిని బస్టాండు దగ్గర వేరుశెనగల కడలమిఠాయి అంగడికి తీసుకుపోయాను. కొనిచ్చి బెంచీ మీద కూర్చోబెట్టాను. నేను అన్నది అన్నట్టే వ్రాస్తాను.

“జోతీ, మీ యమ్మ ఇంక పని చూసుకొని బతకాల. నిన్ను పక్కన పెట్టుకొంటే కష్టం. నిన్ను వద్దనడానికి దానికి నోరు రావడం లేదు. పెద్దోళ్ళు అడిగేటప్పుడు తాత దగ్గర ఉంటానని నువ్వే చెప్పేస్తే మీ యమ్మకు సులువైపోతాది.”

పిల్ల మిఠాయి చేతిలోనే పెట్టుకొని, “అమ్మ నీతో చెప్పిందా?” అంది.

చెప్పింది అన్నాను.

“అమ్మను చూస్తే నాకు ఏడుపొస్తాది, తాతా.”

“చూడకుండా వచ్చేయ్,” అన్నాను.

అందుకే చూడలేదు. అది తల్లిని వద్దనుకొని రాలేదు, తల్లికి సాయం చేస్తున్నాననుకొని వచ్చింది. ఫోను దగ్గరికి రానిదీ అందుకే. రెండో దోసె అడగనిదీ అందుకే. నేను నీకు గొప్పగా వ్రాశానే, బట్టలు మడుచుకుంటుందని, అదీ అందుకే.

వసంతి నాతో అట్లాంటి మాట ఎప్పుడూ అనలేదు. నేనే పుట్టించాను. ఎందుకని అడుగుతావు. కోడలూ పోయి మనవరాలూ పోతే ఇంటి పరువేమవుతుందని ఆనాడు నాకు నేను చెప్పుకున్నాను. అది కూడా కట్టుకథే. నా మాట చివరిదాకా వినే మనిషి ఇంట్లో ఉండదని భయపడ్డాను. డెబ్బై రెండేళ్ళవాణ్ణి, నాకు వినేవాళ్ళు కావాలని ఒక పిల్లకు తల్లి లేకుండా చేశాను. ఆ పిల్ల తల్లికి మేనమామనై ఉండి చేశాను.

మీ వదినకు చెప్పాను. బియ్యం ఏరుతూ వింది. చేట కింద పెట్టలేదు. “పిల్ల ఎందుకిట్ల రాయిలాగా అయిపోయిందని నేను మొక్కని సామి లేదు. నువ్వా చేసింది?” అంది. మళ్ళీ ఏరుకుంది. ఇప్పుడు నాకు అన్నం పెట్టి లోపలికి వెళ్ళిపోతుంది.

ఉదయకుమార్‌కి చెప్పాను. అరుస్తాడనుకున్నాను. పిల్ల తనను కోరుకొని వచ్చిందని వాడికి ఒక్కటే సంతోషం ఉండేదట. అదీ పోయిందని మెల్లగా అన్నాడు. చెప్పులు వేసుకొని బయటికి పోయాడు.

ఈ జాబు వసంతికి చదివి వినిపించు. దానికి ఈ అక్షరాలు రావు, నీవు తగ్గించి చదవాలంటే చదవవచ్చు. తగ్గించవద్దు. నేను జోతికి ఏం చెప్పాలో, ఎట్లా చెప్పాలో నీవే వ్రాయి. నా బుద్ధి మీద నాకు నమ్మకం లేదు.

కృష్ణసామి


విరుదునగర్,
14-7-2025

కృష్ణసామికి,

చదివినాను. తగ్గించలేదు. కడలమిఠాయి దగ్గర ఆపినాను. నీళ్ళు తాగి మళ్ళీ మొదటినుంచి చదివినాను.

వసంతి అంతా విని, లేచిపోయి వీధి తలుపు మూసి వచ్చింది. పిల్ల అడిగింది మాత్రం ఇంకొకసారి చదవమంది. అమ్మ నీతో చెప్పిందా అన్న వరుస. మూడుసార్లు చదివించుకుంది. తర్వాత తిరుప్పూరుకు ఫోన్ చేసి రానని చెప్పింది. పెట్టెలోంచి గౌను తీసింది. “నేను కొట్టలేదమ్మా,” అనింది నాతో. తెలుసంటిని. ముందే తెలిసి ఉండవలసింది. ఆ సిగ్గు నాది, నీ మీద వేయను.

ఇప్పుడు విను. పిల్లకు నువ్వే చెప్పాల. వసంతి చెప్పితే తాత మీద చాడీ చెప్పినట్టుంటాది. ఉదయకుమార్ చెప్పితే మళ్ళీ ఒకరి మాట ఇంకొకరు మోసినట్టే. కూర్చోబెట్టి, రెండే మాటల్లో చెప్పు. కథ కట్టకు. ఏడవకు. నువ్వు ఏడిస్తే అది నిన్ను ఓదార్చడానికి వస్తాది. ఆ పని కూడా దాని నెత్తిన పెట్టకు.

వెళ్ళైసామికీ చెప్పు. పిల్ల వద్దని పోయిన తల్లి అని నా కూతురు నలుగురిలో అనిపించుకుంది. నలుగురి ముందే ఆ మాట పోవాల.

నిన్ను వరుస పెట్టి పిలవడానికి నాకిప్పుడు నోరు రావడం లేదు. ఎప్పుడు వస్తాదో తెలియదు.

పొన్నమ్మాళ్


కోవిల్‌పట్టి,
28-7-2025, సోమవారం

పొన్నమ్మాళ్‌కి కృష్ణసామి వ్రాసేది.

నేనూ వరుస వ్రాయడం లేదు. నీకు తోచిన నాడు నీవే మొదలుపెట్టు. తోచకపోయినా సరే.

పంతొమ్మిదో తేదీ శనివారం పిల్లకు చెప్పాను. మీ వదినను పక్కన కూర్చోమన్నాను, నేను మాట మారిస్తే పట్టుకోవడానికి. “మీ యమ్మ నిన్ను వద్దనలేదు. నాతో అట్ల ఎప్పుడూ చెప్పలేదు. నేను నీకు అబద్దం చెప్పినాను,” అన్నాను.

చాలాసేపు నా మొహం చూసింది. ఇది కూడా కథేమో, ఎక్కడ నవ్వాలో అని చూసినట్టు చూసింది.

“అయితే అమ్మ ఏడ్చిందా?”

“ఏడ్చింది.”

“నా వల్లనా?”

“నా వల్ల,” అన్నాను.

ఆ తర్వాత చెబుదామని ఒకటి సిద్ధం చేసుకొని ఉన్నాను, పెద్దవాళ్ళు కూడా తప్పు చేస్తారని, మా తాత ఒకసారి ఎద్దును ఎట్లా అమ్మాడో, అట్లాంటిది. మీ వదిన నావైపు చూసింది. మింగేశాను. పిల్ల అవ్వ ఫోను అడిగి తీసుకొని పెరట్లోకి పోయింది. నేను వినలేదు. మొదట అన్నం తిన్నావా అమ్మా అని పిల్లే అడిగిందని మీ వదిన చెప్పింది. మిగతాది అటు పక్క నీవు వినే ఉంటావు.

ఆనాడు మండపంలో కూర్చున్న పెద్దలను వెళ్ళైసామి తన ఇంటికి పిలిపించాడు. పదకొండుమంది. నిలబడి చెప్పాను. ఈసారి ఎవరూ నవ్వలేదు. పిల్లను నడుమ నిలబెట్టి అడిగింది తానేనని వెళ్ళైసామి తల కిందికి వేసుకున్నాడు. చివర్లో ఆ పెద్దల్లో కరుప్పయ్య నా భుజం మీద చెయ్యి వేసి, ఈ వయసులో ఇదంతా బయట పెట్టుకోవాలా, ఇంట్లోనే సర్దుకోకూడదా అన్నాడు. ఓదార్చడానికే అన్నాడు. తిట్టినా అంత తల వంచుకొనేవాణ్ణి కాను.

కోర్టులో పిల్లలతో మాట్లాడే ఆఫీసరమ్మ దగ్గరికి వసంతీ ఉదయకుమారూ జోతిని తీసుకొని పోయిన సంగతి నీకు తెలుసు. నీవెవరి దగ్గర ఉంటావని ఆమె అడగనే లేదట. ఏ పాఠం ఇష్టమని, ఎవరు జడ వేస్తారని అడిగిందట. మేము ఇంతమంది గడ్డాలు నెరిసినవాళ్ళం ఉండి ఒకరికీ తోచలేదు. విడాకులు మారలేదు, మారవు. కాగితం మాత్రం మార్చి వ్రాయించారు. పిల్ల తల్లి దగ్గర, నెలకు రెండు శనాదివారాలు తండ్రి దగ్గర. ఏం చెప్పుకోవాలన్నా ఒకరికొకరు చెప్పుకోవాలి, పిల్ల చేత పంపకూడదు. ఇక్కడికి వచ్చినప్పుడు దాన్ని నాతో ఒంటరిగా వదలకూడదని వసంతి అడిగిందట. వాడు గోడ చూస్తూ నాతో చెప్పాడు. న్యాయమే అన్నాను. నా తరఫున వసంతికి ఏమీ చెప్పవద్దు. నేను చెప్పుకోవలసింది నేనే పోయి చెప్పుకోవాలి, అది రమ్మన్న నాడు.

గురువారం వాడు వసారాలో నిలబడి, “ఇస్కూల్లో అడిగి జోతి టీసీ వాంగినాను, ఆదివారం తీసుకొస్తాను,” అని ఫోనులో వసంతితో చెబుతూ ఉంటే విన్నాను. రెండేళ్ళకు వాళ్ళ మధ్య నేను విన్న మొదటి మాట అది.

నిన్న వాడు దాన్ని బస్సులో మీ ఇంటికి తీసుకొని వచ్చాడు. బయలుదేరేటప్పుడు మీ వదినను కౌగిలించుకుంది. నాతో పోయ్యొస్తాను తాతా అంది. సంచి నేను అందుకోబోతే, వద్దు, నేనే పట్టుకుంటానంది.

ఈ పొద్దున ఎనిమిదింటికి జోతిని ఎక్కించుకొనే పళ్ళిక్కూడం వ్యాను వచ్చి వాకిట్లో నిలబడి రెండుసార్లు హారన్ కొట్టింది. డ్రైవరుకు ఎవరూ చెప్పలేదు. నేను బయటికి పోయి, పాప ఇంక రాదని చెప్పాను. అతను సరేనని వ్యాను తిప్పుకొని వెళ్ళిపోయాడు.

కృష్ణసామి